గోడ మీది బూడిదరంగు గూడు

అమీర్‌పేటలోని మా పాత ఇంట్లో అద్దం తీసి గోడ దులుపుతుంటే, గుమ్మడి గింజలా పలచటి బూడిదరంగు గూడొకటి కనిపించింది. మీ ఇళ్లలోనూ ఉండేవి కదా, మనం సున్నం పెచ్చులనుకుని గోటితో గీకేసినవి. ఈసారి అందులోంచి తల బయటికొచ్చింది. గూడును ఈడ్చుకుంటూ నడిచింది. చీపురు పక్కన పెట్టాను.

ఫోన్‌లో వెతికాను. చిమ్మెట జాతి పురుగట. రెక్కలు వచ్చేదాకా దుమ్ముతో, పోగులతో అల్లుకున్న ఆ గూట్లోనే ఉంటుందట. సాలెగూళ్లు, ఉన్ని తింటుందట. రాలిన వెంట్రుకలు కూడా.

అక్కడే ఆగిపోయాను.

వెంట్రుకలకు స్టీలు గిన్నెలిచ్చే ఆమె కోసం ఊడిన జుట్టును చుట్టచుట్టి గోడ సందులో దోపేవాళ్లు, గుర్తుందా? మా నానమ్మ కిటికీ చెక్క సందులో దాచేది. ఆ కిటికీ అవతల, మేం ఖాలా అని పిలిచే పక్కింటి పిన్ని వంటిల్లు. పండక్కి సేమియా అందులోంచే మాకు అందేది.

ఒకరోజు చుట్ట తీస్తే వెంట్రుకలు కత్తిరించినట్టు తునకలై ఉన్నాయి.

"చేతబడి చెయ్యనీకి ఎవరో కత్తిరించుకపోయిండ్రు," అంది నానమ్మ, కిటికీ వైపే చూస్తూ.

"అల్లా కసమ్, నేను ముట్టలే అమ్మా," అంది అవతలి నుంచి ఖాలా.

నానమ్మ వినలేదు. కిటికీ మూయించి మేకులు కొట్టించింది. ఖాలా వాళ్లు బోరబండకు మారిపోయేదాకా రెండిళ్ల మధ్య మాటల్లేవు.

ఇందాక ఆ కిటికీ దగ్గరికి వెళ్లాను. మేకులు తుప్పుపట్టి అలాగే ఉన్నాయి. చెక్క సందు పొడుగునా ఆ గూళ్లే వేలాడుతున్నాయి.