సిరీలోకి లేని కొడుకు

ఒతీలియాకి ముక్కుమీద కోపం అని మా ఊళ్లో అందరూ అంటారు. అది నిజమే. కానీ ఆ కోపం ఎప్పుడూ తనకోసం వచ్చేది కాదు. అరటి గెలలు కోసి పెట్టెల్లో సర్దే షెడ్డులో ఇరవయ్యారేళ్లు పనిచేసింది. మేనేజరు ఎవరైనా ఆడపిల్లని గట్టిగా ఒక మాటంటే, చేతిలో కత్తి అలాగే పట్టుకుని వెళ్లి అతని ఎదురుగా నిలబడేది. కత్తి ఊపేది కాదు, పక్కన పెట్టేదీ కాదు. అంతే.

భర్త సిరీలో అరటి లారీ నడిపేవాడు. మాటకారి కాదు. వాళ్లకి పిల్లలు లేరు. ఆస్పత్రుల చుట్టూ తిరిగారు, తర్వాత తిరగడం మానేశారు. ఒర్చీయ పేటలో చిన్న ఇల్లు, పెరట్లో నాలుగు బాదం చెట్లు. మా దీవిలో కొండ పగిలి నిప్పు కక్కడానికి మూడేళ్ల ముందు సిరీలో గుండెపోటుతో పోయాడు. అప్పటికి ఆవిడకి నలభై తొమ్మిది.

తర్వాత ఆ సెప్టెంబరు ఆదివారం మధ్యాహ్నం, భోజనాల వేళ దాటాక, కొండ పగిలింది. ఎనభై అయిదు రోజులు మండింది. తొమ్మిదో రోజున ఒర్చీయ పేట పోయింది. కాలిపోయిందని కూడా అనలేం. కాలిన ఇంటికి గోడలైనా మిగులుతాయి. ఇక్కడ ఇంటిమీద మూడంతస్తుల ఎత్తున కరిగిన రాయి పోసుకుపోయింది. షెడ్డూ పోయింది.

ఒతీలియా చెల్లెలు బెనీతా మొగుడు ఎవారిస్తోకి అంతకుముందు డాల్ఫిన్లు చూపించే పడవ ఉండేది. కొండ చల్లారగానే పడవ అమ్మేసి రెండు వ్యాన్లు కొన్నాడు. సాయంత్రం యాత్రికుల్ని కాలిన పైన్ అడవిలోంచి పైకి నడిపించడం, నల్ల బూడిద వాలు మీద సూర్యాస్తమయం చూపించడం, చీకటి పడ్డాక అక్కడే కూర్చోబెట్టి చుక్కలు చూపించడం, తొమ్మిదిన్నరకల్లా హోటలు దగ్గర దింపడం. ఆ దింపేవాణ్ణి నేను. నా పేరు ఎలాదియో.

పని పోయిన వదినగారికి ఎవారిస్తో గైడు పని ఇచ్చాడు. ఆ మాట ఒప్పుకోవాలి, మంచే చేశాడు. ఆవిడ యాభై మూడో ఏట పిల్లలతో కూర్చుని గైడు పరీక్ష రాసి పాసయింది. చుక్కలు మాత్రం చదివి నేర్చుకోలేదు. తెల్లవారుజామున నాలుగింటికి షెడ్డుకి నడిచి వెళ్లే రోజుల్లోనే అన్నీ తెలుసు. కృత్తికల్ని మేకపిల్లలు అనేది, మా వాళ్లందరిలాగే.

యాత్రికుల్ని తిట్టేది. తిట్టించుకోవడం కూడా వాళ్లకి సరదాగా ఉండేది.

"ఆ రాయి జేబులోంచి తియ్యండి. మీది కాదు."

"చిన్నదే కదండీ."

"చిన్న కొడుకుని ఎత్తుకుపోతే దొంగతనం కాదా? తియ్యండి."

మొదలంటా మాడిన పైన్ చెట్టు బెరడులోంచి పచ్చటి మొలక ఎలా వస్తుందో వేలితో చూపించేది. కాలు పెట్టకూడని చోట కాలు పెడితే చెయ్యి పట్టి లాగేది. ఎవరైనా "మీకేమైనా నష్టం జరిగిందా?" అని అడిగితే మాత్రం ఒకటే జవాబు. "చీకటి పడుతోంది, నడవండి."

తన ఇంటి సంగతి ఒక్కసారే చెప్పింది. అది క్రిస్మస్ ముందు రోజు బెనీతా ఇంట్లో. మేకమాంసం తిని, రెండు గ్లాసుల వైన్ తాగాక. నేనూ ఆ బల్ల దగ్గరే ఉన్నాను. సామాను తెచ్చుకోవడానికి పోలీసులు పదిహేను నిమిషాలు ఇచ్చారట. గుమ్మం దగ్గర ఒక పోలీసు గడియారం చూస్తూ నిలబడ్డాడు. ఆవిడకి ఏం తీసుకోవాలో తోచలేదు. ఇస్త్రీపెట్టె తీసుకుంది. అరబస్తా బాదంపప్పు తీసుకుంది. టీవీ రిమోటు తీసుకుంది. టీవీ వదిలేసింది. సిరీలో ఫొటో గోడమీదే ఉండిపోయింది. వ్యానెక్కాక చేతిలో రిమోటు చూసుకుని పోలీసుతో, "ఇది ఎందుకు తెచ్చానయ్యా?" అని అడిగిందట. ఆవిడే ముందు నవ్వింది, మేమందరం నవ్వాం. తర్వాత బెనీతా ఏడ్చింది. ఎవారిస్తో నవ్వలేదు, ఏడవలేదు. వింటూ కూర్చున్నాడు.

జనవరిలో ఆఫీసులో అడిగాడు. "వదినా, ఆ కథ కొండమీద చెప్పు. జనం గుండెలు కరిగిపోతాయి."

"కరిగింది చాల్లే. కొండే కరిగి మా ఇంటిమీద పోసుకుంది."

"నీ మంచికే చెబుతున్నా. పై ఊరి కంపెనీ వాళ్లు కథలు చెప్పి మన జనాన్ని లాగేస్తున్నారు."

"వాళ్లని లాక్కోనీ. నేను రాళ్లు చూపిస్తాను, చుక్కలు చూపిస్తాను. మా ఇల్లు చూపించను."

ఆ తర్వాత మంగళ, శుక్రవారాలు ఆవిడకి లేకుండా పోయాయి. ఆ రెండు రోజులూ నౌసెత్ అనే కొత్త గైడుకి ఇచ్చాడు. ముప్ఫై ఏళ్లవాడు, దీవికి ఉత్తరపు కొసన ఉండే మేకల కాపరుల కుటుంబం. మెత్తటి మనిషి. వాళ్ల వైపు ఒక్క రాయి కూడా పడలేదు.

మొదటి శుక్రవారం దిగివస్తుంటే వ్యాన్లో వెనక సీట్లో ఒకావిడ నౌసెత్ చెయ్యి పట్టుకుని ఏడుస్తోంది. "పాపం మీ నాన్న సిరీలో" అంటోంది. నాకు అద్దంలో నౌసెత్ మొహం కనబడింది. వాడికి నా కళ్లు కనబడ్డాయి. నేను రోడ్డు వైపు చూపు తిప్పుకున్నాను. వ్యాను నాది కాదు, ఇంట్లో ఇద్దరు ఆడపిల్లలు. అలా మూడు వారాలు, ఆరు సాయంత్రాలు, రోడ్డే చూశాను.

ఒతీలియాకి ఆ సంగతి సంతలో తెలిసింది. ఒర్చీయ పేటలో ఆవిడ పక్కింటి పూరా ఇప్పుడు సంతలో అవకాడోలు అమ్ముతుంది. వెళ్లగానే పూరా అడిగింది, "ఏమే, నీకు కొడుకున్నాడని నాకు చెప్పలేదే?"

"ఏం కొడుకు?"

"నిన్న కొండెక్కిన దంపతులట, కాయలు కొంటూ చెప్పారు. ఒర్చీయ పేట సిరీలో కొడుకే మాకు చుక్కలు చూపించాడన్నారు. వాళ్లమ్మ వాడి ఉయ్యాల ఒక్కటే ఎత్తుకుని బయటపడిందట. కళ్లనీళ్లు పెట్టుకున్నారే ఇద్దరూ. నేను నోరు తెరుచుకుని నిలబడ్డాను."

అక్కణ్ణించి ఆవిడ సరాసరి మా ఇంటికి వచ్చింది. నేను అన్నం ముందు కూర్చున్నాను. గుమ్మంలోంచే అడిగింది.

"నీకు తెలుసా?"

అబద్ధం చెప్పబోయాను. నోరు రాలేదు. "తెలుసక్కా" అన్నాను.

"ఎన్నాళ్లుగా?"

"మూడు వారాలు."

"తిను. చల్లారిపోతోంది" అని వెళ్లిపోయింది. తిట్టి ఉంటే ఆ ముద్ద దిగేది.

శుక్రవారం సాయంత్రం పద్నాలుగు మంది ఎక్కారు. పూరా పేరుమీద టిక్కెట్టు. వచ్చింది మాత్రం ఒతీలియా. పూరా చలికోటు వేసుకుని, నౌసెత్ గుర్తుపట్టకుండా టోపీ కనుబొమల దాకా లాక్కుని ఉంది. ఎక్కుతూ నా వైపు ఒక్క చూపు చూసింది. మామూలుగా అయితే వ్యాను దగ్గరే ఉండి సిగరెట్టు కాల్చుకుంటాను. ఆ రోజు తాళం వేసి వాళ్ల వెనకే నడిచాను.

ఫిబ్రవరి గాలి చెవులు కోస్తోంది. కాలికింద బూడిద కరకరలాడుతోంది. సూర్యుడు సముద్రంలోకి దిగిపోయాక నౌసెత్ అందరినీ వాలు మీద కూర్చోబెట్టాడు. అక్కడ తెల్ల దీపం వెయ్యకూడదు, కళ్లు చీకటికి అలవాటు పడాలి. అందరి చేతుల్లోనూ చిన్న ఎర్ర దీపాలే. పక్కనున్న మనిషెవరో పోల్చుకోలేం.

నౌసెత్ గొంతు తగ్గించాడు. "కింద ఆ నల్లటి మేట కనబడుతోందా? దానికింద మా ఇల్లుంది. మా నాన్న సిరీలో తన చేతుల్తో కట్టాడు. అమ్మ పొయ్యిమీద చారు పెట్టింది. పోలీసులొచ్చి పదిహేను నిమిషాలన్నారు. అమ్మ ఇల్లంతా చూసింది. నేను పుట్టినప్పటి ఉయ్యాల ఒక్కటే ఎత్తుకుంది."

ఎవరో ముక్కు చీదారు.

వెనకనించి ఒక గొంతు. "తలుపు ఏ రంగు?"

నౌసెత్ ఆగాడు. "ఆకుపచ్చ."

"మీ నాన్న ఏం పని చేసేవాడు?"

"మేస్త్రీ అండీ."

"ఎలా పోయాడు?"

నౌసెత్ గొంతు పోల్చుకున్నాడు. నేను వాడి పక్కనే ఉన్నాను, వాడి చేతిలో ఎర్ర దీపం నేలవైపు వాలిపోయింది.

"మీ అమ్మ పేరేంటి నాయనా?"

తలెత్తకుండానే అన్నాడు, "ఒతీలియా."

ఆవిడ లేచి నిలబడి ఎర్ర దీపం తన మొహం మీదకే తిప్పుకుంది. గొంతు పెంచలేదు.

"ఒతీలియాని నేనే. తలుపు నీలం. సిరీలో లారీ డ్రైవరు, ఇల్లు కట్టింది కూలివాళ్లు. పొయ్యిమీద చారు లేదు, గ్యాసు ముందురోజే ఆపించారు. నేను తెచ్చుకున్నది ఇస్త్రీపెట్టె. మాకు పిల్లల్లేరు. పద్దెనిమిదేళ్లు చూశాం, పుట్టలేదు. ఇప్పుడు టిక్కెట్టు కొంటే ముప్ఫై ఏళ్ల కొడుకు దొరికాడు."

ఎక్కడో ఒకాయన "ఇదంతా ఏంటి?" అని గొణిగాడు. ముందు వరసలో ఉన్న టీచరమ్మ ఒకావిడ, మాడ్రిడ్ నించి వచ్చినావిడ, లేచింది. "మీ గొడవలు మీరు ఆఫీసులో చూసుకోండి. మేం ఆకాశం చూడ్డానికొచ్చాం. అంతా పాడుచేశారు."

"కూర్చోండమ్మా. ఆకాశం ఎక్కడికీ పోలేదు, చూపిస్తాను." తర్వాత నౌసెత్ వైపు తిరిగింది. "నువ్వు కూడా కూర్చో."

వాడు కూర్చున్నాడు. ఆవిడ గంటసేపు చుక్కలు చూపించింది. మేకపిల్లల్ని చూపించింది. వేటగాడి నడుంపట్టీలో వరసగా ఉండే మూడు చుక్కల్ని చూపించింది. ఒక్క చుక్క కూడా తప్పలేదు. దక్షిణాన సముద్రం అంచుమీద కూర్చున్న అగస్త్య నక్షత్రాన్ని చూపించి, "ఇది మీ ఊళ్లో పైకి లేవదు. ఎంతసేపు కావాలంటే అంతసేపు చూసుకోండి" అంది. ఆ టీచరమ్మ కూడా చూసింది. దిగేటప్పుడు ఎవరైనా తడబడితే చెయ్యి అందించింది, రోజూలాగే.

మర్నాడు పొద్దున్నే ఆఫీసు తలుపు తీసే వేళకి ఆవిడ అక్కడుంది. బెనీతా కూడా ఉంది. ఎవారిస్తో కాఫీ పోసి ముందు పెట్టాడు. ఆవిడ ముట్టుకోలేదు.

"వదినా, పొరపాటే. పేరు మార్చేస్తాను. సిరీలో బదులు ఇంకో పేరు పెట్టిస్తాను."

"పేరు మారిస్తే సరిపోతుందా?"

"నువ్వు చెప్పనన్నావు కాబట్టే కదా వాడిచేత చెప్పించాల్సి వచ్చింది. అయినా ఆ కథ నీ ఒక్కదానిదేనా? దీవి మొత్తానిది. అందరం పోగొట్టుకున్నాం."

"అందరం పోగొట్టుకున్నామా? నువ్వేం పోగొట్టుకున్నావు ఎవారిస్తో? పడవా? అది అమ్ముకున్నావు. దీవి మొత్తానిదైతే, ఆ పదిహేను నిమిషాలూ ఈ దీవి మొత్తం ఎక్కడుంది? గుమ్మంలో ఒక్క పోలీసే ఉన్నాడు. వాడికున్న సిగ్గు కూడా నీకు లేదు. వాడు మొహం అటు తిప్పుకున్నాడు."

"అక్కా, మా ఇల్లు కూడా గడవాలి కదే" అంది బెనీతా.

ఒతీలియా చెల్లెలి వైపు తిరిగింది. "ఉయ్యాల ఎవరి ఆలోచన?"

బెనీతా తల వంచుకుంది.

"నీదా?"

"జనం ఇస్త్రీపెట్టెకి ఏడవరన్నారు ఆయన. ఏం పెడితే బావుంటుందని అడిగితే…"

"నాకు పిల్లల్లేరని తెలిసిన దానివి నువ్వు. ప్రతిసారీ ఆస్పత్రికి నాతో వచ్చిన దానివి నువ్వు." కంపెనీ కోటు విప్పి కుర్చీమీద వేసి, చలిలో చొక్కాతోనే ఇంటికి నడిచి వెళ్లిపోయింది.

వారం తర్వాత నౌసెత్ ఆవిడ ఇంటికి వెళ్లాడు. ప్రభుత్వం ఇచ్చిన చెక్క ఇల్లు అది. లోపలికి రమ్మనలేదట. గుమ్మంలోనే నిలబెట్టి అడిగిందట, "కొండ మండుతున్నప్పుడు నువ్వేం చేస్తున్నావు?"

"ఇక్కడే ఉన్నానండీ. బరువుకి ఇళ్ల కప్పులు కూలిపోకుండా బూడిద ఊడ్చేవాళ్లం, ఊరూరా తిరిగి. నలభై రోజులు ఊడ్చాను. మీ పేటలో కూడా ఊడ్చాను."

"మరి అది చెప్పొచ్చు కదా?"

"దానికి ఎవరూ ఏడవరని ఎవారిస్తోగారు అన్నారు."

ఈ సంగతి నౌసెతే నాకు చెప్పాడు. ఆవిడ తలుపు వెయ్యలేదట, పొమ్మనీ అనలేదట. వాడే కాసేపు నిలబడి వచ్చేశాడు. తర్వాత పని మానేసి వాళ్ల ఊరు వెళ్లి జున్ను చేస్తున్నాడు.

పూరా, ఒర్చీయ పేట వాళ్లు ఇంకో పదకొండు మంది కలిసి పురపాలక సంఘానికి ఉత్తరం రాశారు. పోయిన ఇళ్ల పేర్లు, మనుషుల పేర్లు యాత్రల్లో వాడకుండా చూడమని. రెండు నెలలకి జవాబొచ్చింది. కథలు చెప్పడం తమ పరిధిలోకి రాదని. పూరా ఆ కాగితాన్ని అవకాడోల బుట్టకింద పరిచింది. ఎవారిస్తో కొన్ని వారాలు ఊరుకుని మళ్లీ మొదలుపెట్టాడు. ఇప్పుడు పేర్లు చెప్పరు, "ఒక కుటుంబం" అంటారు. ఉయ్యాల అలాగే ఉంది.

ఒతీలియా సొంతంగా లైసెన్సు తీసుకుంది. దీవి దక్షిణపు కొసన, మా చిన్నప్పుడే చల్లారిపోయిన పాత కొండమీద, శనివారాలు మాత్రం, ఎనిమిది మందికి మించకుండా తిప్పుతుంది. అక్కడ ఎవరి ఇల్లూ కింద లేదు. చెల్లెలితో మాట్లాడదు. కొత్త సంవత్సరానికి బెనీతా పంపిన బాదం మిఠాయి పెట్టె విప్పకుండానే తిరిగొచ్చింది. పట్టుకెళ్లిందీ తెచ్చిందీ నేనే.

నేనింకా ఎవారిస్తో వ్యానే నడుపుతున్నాను. కిందటి నెల ఒక శనివారం ఆవిడ బస్టాపులో నిలబడి ఉంటే వ్యాను ఆపాను.

"ఎక్కక్కా. అటే వెళుతున్నాను."

"నీమీద కోపం ఇంకా పోలేదు ఎలాదియో."

"ఎప్పుడు పోతుంది?"

"నాకేం తెలుసు? ఉన్నన్నాళ్లు ఉంటుంది. పిల్లలు బావున్నారా?"

"బావున్నారు. పెద్దది పరీక్షలు రాస్తోంది."

"బాగా రాయమను." బస్సు వచ్చింది. చిల్లర చేతిలో పట్టుకుని ఎక్కి డ్రైవరు వెనక సీట్లో కూర్చుంది. నా వైపు చూడలేదు. నాకు హోటలు దగ్గర ఆరుగురు ఎదురుచూస్తున్నారు.