పరదా కింద పాదాలు

మా పక్కంగడి అన్న పోయాడు. కౌల్ బజార్‌లో పొద్దున అంగడి తెరిచి, మల్లుగుడ్డ తాను విప్పబోతూ కూలిపోయాడు. కబురు విన్నవాళ్లు "బట్టలన్న పోయె పాపం" అన్నారు. ఆయన నాలుగు హాస్య చిత్రాలు తీశాడని మన బళ్లారి చుట్టుపక్కల తప్ప ఎవరికీ తెలియదు. అందుకే ఇది రాస్తున్నాను.

కథ ఆయనదే, కెమెరా ఆయనదే. మామ, అత్త, అల్లుడు, వేషాలన్నీ ఆయనవే. కంటోన్మెంటు వదిలి వెళ్లిపోతున్న ఓ దొర దగ్గర కొన్న చిన్న కెమెరాను బియ్యం మూట మీద నిలబెట్టి, మీట నొక్కమని నాకు చెప్పి, పరిగెత్తుకెళ్లి దాని ఎదుట నిలబడేవాడు. మామగా ఒక మాట అని, మీసం పీకేసి, పంచె మార్చి, అల్లుడుగా జవాబు చెప్పేవాడు. తరువాత వదిన కత్తెరతో ఆ ముక్కలు కత్తిరించి అతికించేవాడు. తెర మీద ఇద్దరు మనుషులు నిజంగానే పోట్లాడుకునేవారు. దగ్గరుండి మీట నొక్కిన నాకే అది ఒక్క మనిషేనంటే నమ్మబుద్ధయ్యేది కాదు.

ఆ కెమెరాకు బొమ్మే తప్ప శబ్దం లేదు. ఆదివారం మధ్యాహ్నాలు పత్తి గోదాం తలుపులు మూసి నేను బొమ్మ వేస్తే, అన్న పరదా వెనక నిలబడి అందరి గొంతులూ తనే పలికేవాడు. తన అంగడి మల్లుగుడ్డే పరదా. పల్చగా ఉంటుంది గనుక వెనకనుంచీ బొమ్మ కనబడేది. అది నేలకు జానెడు పైన వేలాడేది, కింద ఆయన పాదాలు కనబడేవి. మామ మాట్లాడితే అవి ఎడంగా జరిగేవి. అత్త మాటకు వేళ్లు ముడుచుకునేవి. బొమ్మ వేసే మిషను తిప్పుతూ నేను ఆ పాదాలనే చూసేవాణ్ణి.

చుట్టుపక్కల ఊళ్లకు తీసుకెళ్తే, కురుగోడులో, దేశనూరులో జనం అడిగి అడిగి వేయించుకున్నది అల్లుడి చిత్రం. తెలుగు మామ కొత్తల్లుణ్ణి "ఏం కావాలో అడుగప్పా" అంటాడు. ఎక్కడ కూర్చుంటావని అడిగాడనుకుని, కన్నడ అల్లుడు "ఇల్లే సాకు" అంటాడు. కన్నడంలో ఇక్కడే చాలని. సాకు అంటే చాలని మామకు తెలుసు, ఇల్లే అన్నది మాత్రం తెలుగే అనుకుంటాడు. "ఇల్లే సాకా! మరి నేను యాడ ఉండాల్రా నాయనా!" అని వెల్లకిలా పడతాడు. బళ్లారి ఆంధ్రకా మైసూరుకా అని అంగళ్ల ముందు జనం వాదులాడుకుంటున్న రోజులవి. ఆ రెండు పక్షాలూ ఒకే చాప మీద కూర్చుని ఆ మాటకు పడీపడీ నవ్వాయి.

మద్రాసు నుంచి వచ్చిన ఒకాయన చూసి, శబ్దం ఎక్కించి హాళ్లలో ఆడిద్దామన్నాడు. కాకపోతే మాటలన్నీ ఒకే భాషలో ఉండాలన్నాడు.

"ఒకటే భాషయితే 'ఇల్లే'కి నగేదెవరప్పా?" అన్నాడు అన్న.

"బాగా ఆలోచించన్నా. నీ గొంతు ఎప్పటికీ నిలిచిపోతాది గదా," అన్నాను.

"గొంతు కోసరం నగు చంపుకునేదా? నేనుండేదాకా నేను చెప్తా. ఆమీన మీరు చూస్కోండి."

ఆ మొండితనానికి అప్పుడు లోలోపల తిట్టుకున్నాను. ఇప్పుడు తలచుకుంటే తెలుస్తోంది. నాకైతే అంత గుండె లేదు.

మాటలన్నీ ఆయన నోట్లోనే ఉండేవి, కాగితం మీద ఒక్కటీ లేదు. నెల మాసికం అయిన తరువాతి ఆదివారం, మూగగానైనా చూద్దామని అల్లుడి చిత్రం వేశాం. మామ పెదవులు కదిలాయి. ఎవరూ నవ్వలేదు. మిషను చప్పుడొక్కటే వినబడుతుంటే ఆపేయాలనిపించింది.

అప్పుడు, ఆ రోజు మాతోపాటు వచ్చి కూర్చున్న వదిన లేచింది. "ఏంది నీ కోతి చేష్టలు" అని విసుక్కునేదే గానీ, అన్న ఉన్నన్నాళ్లూ గోదాంకు ఒక్కసారీ రాలేదు. కానీ ప్రతి వేషమూ ఆయన ఇంట్లో సాధన చేసింది ఆమె ముందే. కొంగు తలమీదికి లాక్కుని పరదా వెనక్కి వెళ్లింది.

"మొదట్నుంచీ తిప్పప్పా. నిలపొద్దు," అంది.

నేను తిప్పాను.

"ఏం కావాలో అడుగప్పా," అన్నాడు మామ, ఆడగొంతుతో.

"ఇల్లే సాకు."

వెనకనుంచి ఎవరో కిసుక్కుమన్నారు. తరువాత గోదాం అంతా నవ్వింది. నా కళ్లనిండా నీళ్లే, బొమ్మ సరిగా ఆనలేదు. పరదా కిందికి చూశాను. మెట్టెలు తీసేసిన రెండు పాదాలు, "ఇల్లే సాకా!" అని మామ అరిచే ముందు, మెల్లగా ఎడంగా జరిగాయి.