ఒకటి అనకూడని అడవి

తియ్యడవికి దారి చెరకు నరికే రోజుల్లోనే తెరుచుకుంటుంది. మిగతా కాలంలో వెళ్తే బోధన్ అవతల చెరకు తోటలు కనిపిస్తాయి, వాటి చివర మళ్లీ చెరకు తోటలే. ఇది తెలుసుకోవడానికి నాకు నాలుగు ప్రయాణాలు వృథా అయ్యాయి కాబట్టి ముందే రాస్తున్నాను.

నిరుడు ఇదే కాలంలో మా గల్లీ ఆడవాళ్లను అక్కడికి తీసుకెళ్లాను. ముప్పై రెండేళ్లుగా ఇలాంటి యాత్రలు నడుపుతున్నాను. వెళ్లింది పదకొండు మందిమి, తిరిగొచ్చింది పది మందిమి. రానిది మోర్తాడ్‌లో పసుపు పండించే మా చెల్లెలు సాయవ్వ. అడవి దాటే ముందు మధ్యాహ్నం పన్నెండింటికి అందరినీ వరుసగా నిలబెట్టి, సాయవ్వను వేలితో చూపించి లెక్క మొదలుపెట్టాను. పదకొండు దాకా వచ్చి తల తిప్పితే ఆమె నిలబడ్డ చోట గడ్డి మాత్రమే ఉంది. అడవిలో ఆగిపోయిన మనిషి ఏడాది నిండితే చెట్టవుతుందని బోధన్‌లో అందరూ అంటారు. మొన్న బుధవారం పన్నెండింటికి ఆ గడువు తీరేది.

ఆ ఉదయం 6.05కు నిజామాబాద్ బస్టాండు చేరాను. సంచిలో సాయవ్వకు ఒక చీర, ఆరు జొన్నరొట్టెలు, పల్లికారం, గొడుగు. చేతికి కీ ఇచ్చే గడియారం. పదో తరగతి పాసైనప్పుడు మా బాపు కొనిచ్చినది, యాభై మూడేళ్లలో రెండుసార్లే ఆగింది. సెల్‌ఫోను నాకు లేదు. ఆధార్ చూపిస్తే కండక్టర్ జీరో టికెట్ ఇచ్చాడు. 6.20కి బస్సు కదిలింది.

పక్క సీటులో ధర్పల్లి గంగవ్వ అనే ఆమె ఇత్తడి మానిక ఒళ్లో పెట్టుకుని కూర్చుంది.

"బిడ్డ ఇంట్ల వడ్లు కొలవాలె. ఆళ్ల మానిక ఎన్నడు తక్కువనే పడుతది" అంది. నేను ఎక్కడికని అడిగింది. అంతా చెప్పాను.

"లెక్కవెట్టేటప్పుడు ముందుగాల ఏమన్నవ్ అక్కా?"

"ఒకటి అన్న. ఇంకేమంటరు?"

ఆమె మానికను బోర్లించింది. "సదువుకున్నోళ్లతోని గిదే పరేషాన్. వడ్లు కొలిసేటోళ్లు ఎవలన్న ఒకటి అంటరా? మొదటి మానికకు లాభం అంటరు. అటెన్క రెండు, మూడు. ఒకటి అన్నది ఇంటికి రాదు."

"లాభం అంకె గాదు. రెండుకు ముందు అదెట్లొస్తది?"

"నీకు లెక్క గావాల్నా, చెల్లె గావాల్నా?"

ఇంతలో ఎడపల్లి వచ్చింది. ఆమె దిగిపోయింది. సమయం 6.58.

7.20కి బోధన్. ఇడ్లీ, చాయ్ కలిపి నలభై ఐదు రూపాయలు. ఇడ్లీ మెత్తగా ఉంది, చట్నీ పలుచన. 7.50కి ఆటో మాట్లాడుకున్నాను. నూట యాభై, ముందే ఇవ్వాలన్నాడు.

"ముందే ఎందుకు?"

"కొందరు వాపస్ రారు గద అవ్వా."

చెరకు ట్రాక్టర్లు ఎదురై పదిహేను నిమిషాలు ఆగాం. 8.40కి ఆఖరి తోట దగ్గర దింపాడు. అక్కడి నుంచి కోసిన సాళ్ల వెంట నడవాలి. చెరకు క్రమంగా ఎత్తవుతుంది. గడ తాటిమానంత లావైన చోటే అడవి పొలిమేర. 9.25కి దాటాను.

వెళ్లేవాళ్లకు కొన్ని సూచనలు. నేల బెల్లంలా అంటుకుంటుంది కాబట్టి పట్టీలున్న చెప్పులు వేసుకోవాలి. చిలకలు మరాఠీలో "యా, బసా" అని పిలుస్తాయి, రండి, కూర్చోండి అని. కూర్చోకూడదు, గంట పోతుంది. వాగు ఎగువకు పారుతుంది. నీళ్లు శుభ్రమే గానీ షుగర్ ఉన్నవాళ్లకు పనికిరావు.

10.50కి సాయవ్వ కనిపించింది. మోకాళ్ల దాకా బెరడు కట్టింది, కళ్లు మూసుకుని ఉంది. పక్కనే స్టూలు మీద ఒక ఎలుగుబంటి కాపలా ఉంది.

"మా చెల్లెను తీస్కపోను వచ్చిన" అన్నాను.

"నువ్వే గద ఒకటి అన్నది? ఒకటి అన్నది మాది. గిది ఈడి కానూన్" అంది ఎలుగుబంటి.

"గట్లయితే బోర్డు పెట్టాలె."

"పెట్టినం. చెట్టు తిన్నది." మళ్లీ తనే అంది, "గామె బదులు ఇంకోదాన్ని చూపెట్టి ఒకటి అను. ఇడిసిపెడ్త. పోతే పాయె అనుకునేది మాత్రం చెల్లది."

గొడుగును చూపించి ఒకటి అన్నాను. ఏమీ జరగలేదు. రొట్టెల డబ్బాను చూపించి అన్నాను. ఎలుగుబంటి ఒక రొట్టె తిని, చెల్లదంది. సంచి, చెప్పులు, ముక్కుపుల్ల కూడా అయ్యాయి, ఒక్కోదానికి పది నిమిషాలు ఆగి చూశాను. బెరడు సాయవ్వ నడుము దాటింది. అప్పుడామె కళ్లు తెరిచింది.

"వచ్చినవా అక్కా? టైమెంతయింది?"

గడియారం చూశాను. "పదకొండు యాభై మూడు."

"నేను మాను అయితున్న, నువ్వు నిమిషాలు సూస్తున్నవ్" అంది.

అడిగింది తనే. అయినా నా కళ్లు ఇంకా గడియారం మీదే ఉన్నాయి. పట్టీ ఒకే రంధ్రంలో ఏళ్లుగా ఉండి బిగుసుకుంది, విప్పడానికి కష్టమైంది. కొమ్మకు తగిలించి ఆఖరుసారి చూశాను. 11.56. ఈ కథనంలో చివరి సమయం ఇదే.

"ఒకటి" అన్నాను.

చెరకు చెక్కినట్టు బెరడు పైనుంచి కిందికి ఊడిపోయింది. సాయవ్వ నా మీద పడింది. చీర మార్చుకుంది, రెండు రొట్టెలు తింది, పల్లికారంలో ఉప్పు తక్కువంది. మేం వెళ్తుంటే ఎలుగుబంటి గడియారాన్ని చెవి దగ్గర పెట్టుకుని వింటోంది.

పొలిమేర దగ్గరికి రాగానే నా వేలు దానంతటదే లేచింది. మనుషుల్ని లెక్కపెట్టకుండా నేను ఏ పొలిమేరా దాటలేదు. సాయవ్వ ఆగిపోయింది.

"అక్కా, వద్దే. నీ కాల్మొక్త."

వేలు ఆమె వైపే తిరిగింది.

"లాభం" అన్నాను. నన్ను చూపించుకుని "రెండు" అన్నాను.

ఇద్దరం దాటాం.

"బాపు గట్లనే కొలుస్తుండె. నువ్వే నవ్వుతుంటివి" అంది సాయవ్వ. నిజమే.

తిరుగు ప్రయాణానికి సమయాలు ఇవ్వలేకపోతున్నాను. ఆటో దొరికింది. బోధన్ బస్టాండులో ఎవరినడిగినా టైము చెప్పేవారే, అడగలేదు. సాయవ్వ ఆధార్ ఏడాదిగా నడుము దగ్గర రొండి సంచిలోనే ఉంది. "గిదేందవ్వా, కార్డుకు బెల్లమంటింది?" అంటూ కండక్టర్ దాన్ని తుడిచి జీరో టికెట్ ఇచ్చాడు.

తియ్యడవి ఒకసారి చూడదగినదే. గుంపుగా వెళ్లేవాళ్లు లెక్క పని మాత్రం వడ్లు కొలిచే మనిషికి అప్పగించాలి.

బస్సు కదిలాక కండక్టర్ ముందు సీటు నుంచి మనుషుల్ని లెక్కపెట్టడం మొదలుపెట్టాడు. ముందు సీటులో, కిటికీ పక్కన ఉన్నది సాయవ్వ. ఆమె వైపు వేలు చూపించి "ఒకటి" అన్నాడు. నేను ఆమె చెయ్యి పట్టుకున్నాను. నిజామాబాద్‌లో ఇద్దరం దిగేదాకా వదల్లేదు. ఎంతసేపు పట్టుకున్నానో చెప్పలేను.