మామిడిచెట్ల మీదికి పిట్ట వచ్చింది

ఈ ఉదయం మేముండే భన్‌పురిలో మా ప్రార్థన మందిరం వెనక మామిడిచెట్ల మీదికి ఆ చిన్న పిట్ట వచ్చేసింది. గొంతు దగ్గర నారింజ రంగు, క్షణం నిలవని తోక. ఎండాకాలమంతా ఎక్కడో ఉత్తర దేశాల అడవుల్లో గడిపి, చలి మొదలవగానే ఏటా ఇక్కడికే వస్తుంది. పక్షులకు తమ కాలం తెలుసని లేఖనంలో ప్రవక్త ఊరికే చెప్పలేదు!

ఏటా దాన్ని ముందు చూసేది మా ఆవిడే. అమ్మాయి పురిటికని వానాకాలంలో కాకినాడ వెళ్తూ, "పిట్ట వచ్చేసరికి నేనూ వచ్చేస్తా" అంది. వెంటనే ఫోన్ చేశాను.

"పిట్ట వచ్చిందోయ్."

"అచ్ఛా! అయితే నన్ను రమ్మంటారా?"

"ప్రభువు చిత్తమైతే..."

"ప్రభువు చిత్తం నేను కనుక్కుంటాలెండి. మీ చిత్తం చెప్పండి."

మైకు లేకుండా రెండు గంటలు ప్రసంగంలో గర్జించే నేను "ఆరోగ్యం జాగ్రత్త" అని ఫోన్ పెట్టేశాను.

సోదరులారా, భార్యతో ఆ ఒక్క మాట అనడానికి మీకూ ఇంత భయమేనా? నిజం చెప్పండి. ఆమె ఇది తప్పక చదువుతుంది, అందుకే అందరి ముందూ రాస్తున్నాను: నువ్వు లేక ఇంట్లో తోచడం లేదు, వచ్చేయ్.