కడగకూడని గొట్టం

మా బావ, అంటే అక్క మొగుడు, భౌతిక శాస్త్రవేత్త. బతుకంతా ల్యాబులో, ట్రాన్సిస్టర్లు చేసే సిలికాన్ బిళ్లలతోనే గడిపాడు. ఇంట్లో పంచదార డబ్బా ఎక్కడుంటుందో తెలియదు గానీ, కాలిస్తే బిళ్ల మీద కట్టే సన్నటి పొర ఎంత మందముందో రంగు చూసి చెప్పేవాడు. నేను ఎలక్ట్రీషియన్ని. "మనిద్దరిదీ కరెంటు పనే బావా" అంటే నవ్వేవాడు కాదు. ముక్కు మీద కోపం.

ఆ పొరకి శత్రువు ఉప్పు. వేలి చెమటలోది రవ్వంత అంటినా చాలు, లోపలికి దిగి అటూ ఇటూ జరుగుతూ ట్రాన్సిస్టర్‌ని పాడుచేస్తుంది. అందరి బిళ్లలూ కొన్నాళ్లకే చెడిపోయేవి. బావ చేసినవి మాత్రం నిలిచేవి. వేరే ల్యాబుల వాళ్లు ఆయన పద్ధతినే పొల్లుపోకుండా చేసి చూశారు, కుదరలేదు. చివరికి ఆయన హస్తవాసి అని తేల్చారు. డాక్టరుకి చెప్పే మాట! బావ మొదట కసిరాడు, రాను రాను నమ్మాడు. కొంప మునిగింది అక్కడే.

బిళ్లలు కాల్చే ఫర్నేస్‌లో ఒక పాత క్వార్ట్జ్ గొట్టం ఉండేది. ఆయన రాకముందు ఎవరో దాన్ని ఇంకో పనికి వాడి వదిలేశారు. లోపలంతా తెల్లటి మసక. కలిసొచ్చిన గొట్టమని, దాన్ని ఎవరూ కడగకూడదని బావ ఆజ్ఞ. ఆయన దగ్గర డాక్టరేట్ చేస్తున్న అమ్మాయి ఒకతె ఉండేది. గబగబా తిరుగుతుందని ఉడత అనేవాళ్లు. బావ జ్వరంతో ఇంట్లో పడి ఉన్నప్పుడు ఆ గొట్టాన్ని ఆమె యాసిడ్‌తో కడిగేసింది. ఆ తర్వాత కాల్చిన బిళ్లలన్నీ చెడిపోయాయి.

బావ కేకలేసిన రోజు నేను అక్కడే ఫ్యూజులు మారుస్తున్నాను.

"ఎవరు కడగమన్నారు నిన్ను?"

"మురికి ఉంటే అది ప్రయోగమే కాదని మీరే కదా సార్ చెప్పారు." ఆమె చేతిలో ఒక సీసా ఉంది. "కడిగిన యాసిడ్ దాచాను. ఇందులో ఏముందో ఒకసారి చూద్దాం సార్. మంచి బిళ్లలు దీనివల్లే వచ్చాయేమో."

బావ మొహం కందగడ్డయింది. "అంటే ఇన్నేళ్ల నా పనంతా మురికి గొప్పా? పారబొయ్యి దాన్ని. పారబోసి బయటికి నడు."

"బావా, ఒక్క మాట..." అన్నాను.

"నీ ఫ్యూజులు నువ్వు చూసుకోవోయ్."

ఆమె కుళాయి తిప్పి, ఆ సీసాని సింకులో వంచింది. ఆమె చదువు కూడా అందులోనే పోయింది. మా బావ తరిమిన మనిషిని చేర్చుకునే ధైర్యం అక్కడ ఎవరికీ లేదు.

తర్వాత బావ ఎన్ని గొట్టాలు మార్చాడో! ఒక్క బిళ్లా నిలవలేదు. హస్తవాసి పోయిందని పొగిడినవాళ్లే నవ్వారు. "ఆ పిల్లని పిలిచి అడగరాదూ?" అని అక్క పోరేది. వింటేగా! తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లు.

చాలా ఏళ్లకి ఎక్కడో ఎవరో కనిపెట్టి అచ్చేశారు. పొరలో కాస్త ఫాస్ఫరస్ ఉంటే ఉప్పుని కదలకుండా పట్టేస్తుందట. ఆ పాత గొట్టంలో అంతకుముందు వాడింది ఫాస్ఫరసే. అది చదివి బావ అన్నం ముందునుంచి లేచిపోయాడు. "ఆ సీసాలో ఉన్నది అదేనోయ్" అన్నాడు నాతో. నాకు ఆయన మీద జాలి, ఒళ్లుమంట రెండూ కలిగాయి.

ఆ అమ్మాయి కళ్లజోళ్ల దుకాణంలో పనిచేస్తోందని తెలిసి నన్ను తోడు తీసుకెళ్లాడు. జుట్టు నెరిసింది, ఉడతలా తిరగడం లేదు. బావని గుర్తుపట్టి, కూర్చోబెట్టి, ముక్కు మీద కళ్లు పరీక్షించే ఫ్రేము పెట్టింది.

"నువ్వన్నదే నిజమమ్మా," అన్నాడు బావ. "నా చేతిలో ఏమీ లేదు. కనిపెట్టింది నువ్వని అందరికీ రాస్తాను."

"నేనేం కనిపెట్టాను సార్? చూడనివ్వలేదు కదా."

కోపంగా అనలేదు. తిట్టినా బాగుండేది.

"ఇప్పుడైనా రా. డిగ్రీ పూర్తి చేద్దువుగాని."

"అదంతా మర్చిపోయాను సార్." ఫ్రేములో అద్దం మార్చింది. "కింది వరస చదవండి."

బావ ఫాస్ఫరస్ గురించి మొదలుపెట్టాడు. ఉప్పుని అది ఎలా పట్టి ఉంచుతుందో, వేడి ఎంత ఉండాలో, ఒకప్పుడు ఆమెకి పాఠం చెప్పినట్టే చెప్పుకుపోయాడు. ఆమె తల వంచుకుని కాసేపు వింది. తర్వాత ఆయన ముక్కు మీది ఫ్రేము మెల్లగా తీసింది.

"వెనక వేరేవాళ్లు కాచుకుని కూర్చున్నారు సార్" అంది.