ఎలక పడితే ఇల్లు దిగాల్సిందే

కలకత్తాకి ప్లేగు వచ్చినప్పుడు మా జంషెడ్‌పూర్ ఇంకా పుట్టలేదు. పుట్టని ఊరికి జ్వరం రాదు కాబట్టి ప్లేగు విషయంలో మాకు సొంత సరుకేమీ లేదు. ఉన్నదంతా కలకత్తా నుంచి, అదీ మా అమ్మమ్మ నోటి ద్వారా వచ్చిందే. ఆ నోరు ఇరవైనాలుగేళ్ళు ఊళ్ళో సిద్ధగోరా పేటలో మా ఇంట్లోనే ఉంది. నేను పుట్టినప్పుడు అమ్మకి సాయంగా వచ్చి, సాయం అయిపోయిందని ఎవరూ గుర్తుచెయ్యకపోవడంతో ఉండిపోయింది. మామయ్యది రైల్వే ఉద్యోగం, ఊరూరా బదిలీలు. కొడుకింట్లో ఉండాల్సిన మనిషి కూతురింట్లో ఎందుకుందని ఎవరైనా అడిగితే, "ఆడికి ఇల్లేది? ఆడిది స్టేషను" అనేది.

అమ్మమ్మది ఒక్కటే చట్టం. ఇంట్లో ఎలక దానంతటది చచ్చి కనబడితే అందరూ ఇల్లు దిగాలి. బోనులో పడితే లెక్కలేదు. ఊరికే నేలమీద చచ్చి పడుంటే మాత్రం పొయ్యి ఆర్పి, మనుషుల్ని లెక్కపెట్టి బయటికి నడిపించేది. గోడలకి సున్నం వేసేదాకా లోపలికి పోనిచ్చేది కాదు. నా ఎనిమిదో తరగతి లెక్కల పరీక్ష రోజున ఒక ఎలక అలాగే పోయింది. గ్యాసు స్టవ్వు, ఇడ్లీ పాత్ర, నేను, నాన్న అందరం వీధిలో ఉన్నాం. ఎదురింటాయన కంగారుగా వచ్చి, "క్యా హువా? భూకంప్?" అన్నాడు.

"నహీ. చూహా," అన్నాడు నాన్న ఇడ్లీ తింటూ.

ఎందుకిలా అని నేనెప్పుడూ గట్టిగా అడగలేదు. కలకత్తాలో ప్లేగప్పుడు అలాగే చేసేవారని ఒకసారి అంది. "అక్కడి ఎలకలకి ఇక్కడ కర్మకాండా?" అన్నాను. అమ్మమ్మ మళ్ళీ ఆ మాట ఎత్తలేదు.

రెండేళ్ళ కిందట మామయ్యకి మా ఊరి స్టేషనే అయిన టాటానగర్‌కి బదిలీ అయింది. ఊరికి ఆ చివర సోనారిలో ఇల్లు తీసుకున్నారు. మామయ్య కొడుకు, అంటే మా బావ, కూడా రైల్వేలోనే చేరాడు. బావ ఎత్తుగా ఉంటాడు. ఎవరేం చెప్పినా కళ్ళు పెద్దవి చేసి వింటాడు. ఈ రెండు గుణాలూ మనిషిలో ఒకేసారి ఉండటం అన్యాయం.

ఊళ్ళోనే కద్మాలో మన తెలుగువాళ్ళ సభ ఒకటి జరిగింది. ఎవరి పెద్దలు ఎలా వచ్చారో ఒక్కో కుటుంబం చెప్పాలి. మా తరపున మైకు దగ్గరికి నేను వెళ్దామని చెప్పులు వెతుక్కునేలోపు బావ వెళ్ళిపోయాడు.

బావ చెప్పిన కథ ఇది. అమ్మమ్మ వాళ్ళ తాత కలకత్తా జనపనార మిల్లులో కూలీ. కూలీల ఇళ్ళలో ముందు ఎలకలు రాలాయి, తర్వాత మనుషులు. టీకా సూది పొడిస్తే చస్తారని పుకారు పుట్టింది. దొరల డాక్టరు బండి కనబడితే రాళ్ళు వేశారు. బళ్ళమీద, పడవలమీద, నెత్తిమీద మూటలతో సగం ఊరు పారిపోయింది. ఈ తాత ఒక్కడూ రైలు పట్టాల పక్కన రోజుల తరబడి నడిచి, కాళ్ళు పుళ్ళయి, శ్రీకాకుళం దగ్గర మా ఊరు చేరాడు. బావ "పుళ్ళయి" దగ్గర ఆగి గ్లాసుడు నీళ్ళు తాగాడు. ముందు వరసలో ముగ్గురు కళ్ళు తుడుచుకున్నారు. అందులో ఒకరు మా అమ్మ.

ఇంటికొచ్చాక అమ్మమ్మని నిలదీశాను. "ఇదంతా నాకెందుకు చెప్పలేదు?"

"ఆడడిగేడు. నువ్వు నవ్వేవు."

ఆ రాత్రే చదువు మొదలుపెట్టాను. కలకత్తా ప్లేగు గురించి దొరికిందల్లా ఫోన్లో చదివాను. కుళ్ళు మనిషిని ఎంత పండితుణ్ణి చేస్తుందో మా కాలేజీ మాస్టార్లకి తెలియదు, తెలిస్తే అదే వాడుండేవారు. బొంబాయి తర్వాత కలకత్తాకి వచ్చింది. వచ్చింది ప్లేగా కాదా అని డాక్టర్లే కొన్నాళ్ళు కొట్టుకున్నారు. ఒకసారి వచ్చి పోలేదు కూడా. దారి తెలిసిన చుట్టంలా ఏళ్ళ తరబడి, చలి తగ్గగానే మళ్ళీ దిగేది. అలా మళ్ళీ మళ్ళీ వచ్చిన ఏళ్ళలోనే కలకత్తా నుంచి మన వైపుకి రైలు కూడా వచ్చేసింది. అక్కడ నాకు ప్రాణం లేచొచ్చింది. రైలుండగా ఈయన నడిచాడేమిటి? రైల్వే ఉద్యోగి నోటమ్మట రైలెక్కని తాత!

ఆ బాంబు వేసే వీలు దొరకలేదు. బావ ఫోన్లో అమ్మమ్మ మాటలు రికార్డు చేస్తానని నాలుగు రోజులకని సోనారి తీసుకుపోయాడు. నాలుగు రోజులు నాలుగు వారాలయ్యాయి. అత్త ఆవిడకి కిటికీ పక్క గది ఇచ్చిందట. అక్కడినుంచి చిన్న విమానాలు దిగడం కనబడుతుందట. మా కిటికీలోంచి పక్కింటి బాత్రూమ్ గోడ కనబడుతుంది. విమానంతో పోటీ పడలేం. ఇంక ఆవిడ అక్కడే ఉంటుందేమో అని ఒక సాయంత్రం అమ్మ అంది. అంటూనే అమ్మమ్మ మంచం మీద దుప్పటి మడతపెట్టి బీరువాలో పెట్టేసింది. ఆ మడత చూశాక నేనొక పని చేశాను.

మా వీధి మురుగు కాలవ పక్కన ఒక ఎలక చచ్చి పడుంది. దాన్ని పేపర్లో చుట్టి, బిస్కెట్ల కవర్లో పెట్టి, స్కూటర్ మీద సోనారి వెళ్ళాను. అత్త దొడ్లో బట్టలారేస్తోంది. మామయ్య పేపరు చదువుతున్నాడు. నేను మంచినీళ్ళకని వంటింట్లోకి వెళ్ళి, బియ్యం డబ్బా పక్కన దాన్ని పెట్టి, వచ్చి బుద్ధిగా కూర్చున్నాను. చట్టం ప్రకారం అమ్మమ్మ ఇల్లు దిగుతుంది. దిగిన మనిషిని స్కూటరెక్కించుకుని సిద్ధగోరా తెచ్చుకుంటాను. ఇంత చక్కటి పథకం మా వంశంలో ఎవరూ వెయ్యలేదు.

పావుగంటలో అమ్మమ్మ కేక వినబడింది. "లెగండి! ఎలక పడింది! బయటికి!"

మామయ్య పేపరుతో, అత్త తడిబట్టలతో బయటికొచ్చారు. నేను అందరికంటే ముందు గేటు దగ్గరున్నాను. అమ్మమ్మ మెట్ల మీద నిలబడి లెక్కపెట్టింది.

"ఆడేడీ?"

రాత్రి డ్యూటీ చేసి వచ్చిన బావ చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని వెనక గదిలో నిద్రపోతున్నాడు. ఆ సంగతి నాకు తెలియదు.

"అమ్మా, నువ్వాగు. నాను లేపుతాను," అన్నాడు మామయ్య.

ఆవిడ ఆగలేదు. ఎనభై దాటిన మనిషి, గోడ పట్టుకుని తప్ప నడవని మనిషి, గోడ వదిలేసి లోపలికి పోయింది. చచ్చిన ఎలకని దాటుకునే పోయింది. కాసేపటికి బావని చెయ్యి పట్టుకుని లాక్కొచ్చింది. లుంగీ ఒక చేత్తో పట్టుకుని ఆరడుగుల మనిషి, "మామ్మా, క్యా హో గయా?" అంటున్నాడు. బయటికొచ్చాక కూడా ఆవిడ ఆ చెయ్యి వదల్లేదు. నేను గేటు దగ్గరే ఉన్నాను. ఆ చెయ్యి నాది కాదే అని ఆ క్షణంలో కూడా అనుకున్నాను. సిగ్గుపడాల్సిన పనే, కానీ అనుకున్నాను.

పథకం ఫలించింది. కాస్త ఎక్కువగా ఫలించింది. సున్నం వేసేదాకా ఎవరూ అక్కడ ఉండకూడదని అమ్మమ్మ తీర్పు. కాబట్టి అమ్మమ్మ, మామయ్య, అత్త, బావ నలుగురూ రెండు ఆటోల్లో మా ఇంటికి దిగారు. రెండు గదుల్లో ఏడుగురం. బావకి నా మంచం ఇచ్చారు. అతని కాళ్ళు మంచం దాటి నా పుస్తకాల మీదికి వచ్చాయి.

మర్నాడు పొద్దున్నే అమ్మమ్మ నన్ను దొడ్లోకి పిలిచింది.

"చచ్చే ఎలక పేపరు పరుసుకుని తొంగుంటాదేటిరా?"

పేపరు తియ్యడం మర్చిపోయాను. పండితుణ్ణి కదా. తప్పించుకోడానికి బాంబు తీశాను. "నీ తాత మాత్రం నడిచొచ్చాడా? అప్పటికి రైలుందిగా!"

అమ్మమ్మ గట్టు మీద కూర్చుని, నన్నూ కూర్చోమంది.

"రైలెక్కే వచ్చేడు. నానే నడిపించేను."

"ఎందుకు?"

"ఆయనకి మా నాయనమ్మ కంటే ముందో పెళ్ళాం. ఆవిడకి గజ్జల్లో గడ్డ లేచింది. స్టేషన్లో డాక్టర్లు తడిమి చూసేవోరంట. ఒకలికి ఉంటే ఇద్దర్నీ దింపేత్తారని, ఆవిణ్ణి లోపల తొంగోబెట్టి, బయట గొళ్ళెం ఏసి వచ్చేసేడు. పోయేముందు ఆయనే మా నాయినకి సెప్పేడు."

"ఆవిడ బతికిందా?"

"ఎవలు సూసేరు? ఎనక్కెల్లినోడేడీ? మనం ఆ తరవాత పెళ్ళాం పిల్లలం. నడిచొచ్చేడంటే జనం పాపం అంటారు. రైలెక్కేడంటే ఏటంటారు? ఆడు మైకులో సెప్తానన్నాడు, అందుకని నడిపించేను. నువ్వు రాసుకుంటే రాసుకో. పేర్లు రాయకు."

నాకు నోట మాట రాలేదని రాస్తే నాటకం అవుతుంది. వచ్చింది. "మంచినీళ్ళు తేనా?" అన్నాను.

మూడు రోజుల్లో సోనారి ఇంటికి సున్నం అయిపోయింది. ఆటో వచ్చింది. అమ్మమ్మ సంచి నేనే మోసి, ఆటో దగ్గర అడిగేశాను. "నువ్వుండిపోవచ్చు కదా?"

"ఆల్లని ఇల్లు దింపింది నాను. ఎనక్కి తీసుకెల్లాల్సింది కూడా నానే," అంది. నా బుగ్గ మీద ఒకటి వేసింది. ముద్దుకీ దెబ్బకీ మధ్యలో ఉందది.

బావ నన్ను పక్కకి లాగాడు. "ఒరే, మామ్మ దొడ్లో నీకేం చెప్పింది?"

"ఏం లేదు."

"బతా నా, యార్. అరగంట కూర్చున్నారు మీరు."

"ఏం లేదు బావా."

ఆ కళ్ళలో ఉన్నదేమిటో నాకు బాగా తెలుసు. నెల రోజులుగా దాన్ని అద్దంలో చూసుకుంటున్నాను. చాలా హాయిగా అనిపించింది. అప్పుడతను ఆటో ఎక్కి అమ్మమ్మ పక్కన కూర్చున్నాడు. ఆవిడ కుదుపులకి పడిపోకుండా అతని చెయ్యి పట్టుకుంది. అది మాత్రం బాగాలేదు.