ఆన్సెల్మ్ గారు ఒప్పుకున్న నేరం

పారిస్‌లో ఆన్సెల్మ్ గారు ముప్పై ఏళ్లుగా సినిమాలకు మాటలు రాస్తున్నారు. అక్కడ రచన కూడా దర్శకుడి ఖాతాలోనే పడుతుంది. ఈయన పేరు సినిమా అయిపోయి జనం లేచి కోట్లు తొడుక్కునేటప్పుడు చీమంత అక్షరాల్లో వస్తుంది. అయినా మెడలో ఆ ఎర్ర మఫ్లరూ, నడకలో ఆ ఠీవీ చూడాలి! రోజూ ఉగెత్ అనే ఆవిడ రొట్టెల కొట్లో వరసలో నిలబడి, ఆవిడా అత్తగారూ పోట్లాడుకుంటుంటే చెవులు రిక్కించి వింటారు.

మొన్న ఉగెత్ కొత్త సినిమా చూసొచ్చి నిలదీసింది. "మా అత్తని నేనన్న మాటలు పొల్లుపోకుండా తెర మీదికెక్కాయి! ఎవడయ్యా రాసింది? పోస్టర్ మీదున్న ఆ దర్శకుడేనా?"

అవునంటే గండం గడిచేది. కానీ ముప్పై ఏళ్లలో ఆ ప్రశ్న అడిగిన మొదటి మనిషి ఉగెత్తే.

"వాడి మొహం! ప్రతి ముక్కా నాదేనమ్మా!" అన్నారు.

ఇప్పుడాయన రొట్టెకి నాలుగు వీధులు దాటి వెళ్తారు. ఎందుకో ఎవరూ అడక్కపోయినా చెబుతారు.